త్రిజాతి కాదు, త్రిప్రజాతి

'ట్రైజెనెరిక్ హైబ్రిడ్' అన్నదాన్ని తెలుగులో 'త్రిజాతి సంకరం' అని రాస్తే ఏం పోయింది అంటారు కొందరు. నా ఉద్దేశంలో అసలు అర్థమే పోతుంది. తెలుగు మీడియం వృక్షశాస్త్రంలో స్పీషీస్‌ని జాతి అంటాం, జీనస్‌ని ప్రజాతి అంటాం. ఒక్క వాండా ప్రజాతిలోని మూడు జాతుల్ని కలిపినా అది త్రిజాతి సంకరమే అవుతుంది, ట్రైజెనెరిక్ మాత్రం కాదు.

మొకారా అనే ఆర్కిడ్‌నే తీసుకోండి. 1969లో సింగపూర్‌లో తయారైంది. అరాక్నిస్, యాస్కోసెంట్రమ్, వాండా అనే మూడు ప్రజాతులు దాని వంశంలో ఉన్నాయి. అలాగని మూడింటినీ ఒకేసారి కలపరు. ముందు రెండింటిని కలిపి, పుట్టిన మొక్కని మూడోదానితో కలుపుతారు.

తర్వాత ఏమైందో చూడండి. వర్గీకరణ చేసేవాళ్లు యాస్కోసెంట్రమ్‌ని వాండాలో కలిపేశారు. దాంతో మొకారా మూడు ప్రజాతుల సంకరం కాస్తా రెండు ప్రజాతులదైంది. పువ్వు అదే, మొక్క అదే. దాని వంశంలోని జాతుల లెక్క కూడా అదే. తగ్గింది ప్రజాతుల లెక్క ఒక్కటే. 'త్రిజాతి' అని రాసుకున్నవాళ్లకి ఈ మార్పు ఎలా చెప్తాం? చెప్పడానికి మాటే మిగల్లేదు కదా!

'త్రిప్రజాతి' నోరు తిరగదు అంటారా? అయితే 'మూడు ప్రజాతుల సంకరం' అందాం, హాయిగా ఉంటుంది. కానీ ఆ 'ప్ర'ని మాత్రం వదలొద్దు. ఏ మెట్టు మీద నిలబడి లెక్కపెడుతున్నామో చెప్పేది అదే. ల్యాబ్ రికార్డులో మిల్లీకి బదులు మెగా రాస్తే మనం ఒప్పుకుంటామా? తెలుగులో రాసినంత మాత్రాన లెక్క తప్పొచ్చా?