ఆరోగ్య శాఖ కుర్చీ: ఈటల రాజకీయం, నిమ్స్ గేటు దగ్గరి లెక్క

పంజాగుట్టలో నిమ్స్ గేటు దాటి లోపలికి వెళ్లే పేషెంటు బంధువులకు ఆరోగ్య మంత్రి ఎవరన్నది పెద్ద సంగతి కాదు. ముఖ్యమంత్రి సహాయ నిధి నుంచి ఎల్‌ఓసీ వచ్చిందా, ఆరోగ్యశ్రీ అప్రూవల్ అయిందా, అదే వాళ్ల రాజకీయం. కానీ ఆ కాగితం కదలడం, ఆగడం మంత్రి కుర్చీతో ముడిపడిన విషయం. ఆ కుర్చీ కథ చూడాలంటే ఈటల రాజేందర్‌ను మించిన ఉదాహరణ దొరకదు.

ఉస్మానియాలో వామపక్ష విద్యార్థి సంఘం పీడీఎస్‌యూ నుంచి వచ్చిన మనిషి. 2004లో టీఆర్‌ఎస్ ఎమ్మెల్యే. 2014 నుంచి రాష్ట్రానికి తొలి ఆర్థిక మంత్రి. 2019 ఫిబ్రవరిలో ఆరోగ్య శాఖ ఇచ్చారు. ఖజానా తాళం చేతిలో ఉన్నాయన ఖజానా ముందు ఫైలు పట్టుకుని నిలబడాల్సి వచ్చిందన్నమాట. అదే ఏడాది ఆగస్టులో, గులాబీ జెండాకు తామే ఓనర్లమని ఆయన అన్న మాట పార్టీలో ఎంత దుమారం లేపిందో గుర్తుండే ఉంటుంది.

ఆ తర్వాత కరోనా వచ్చింది. 2020 మార్చిలో అమీర్‌పేట హాస్టళ్లు ఖాళీ చేయమంటే కోచింగ్ పిల్లలు పంజాగుట్ట, ఎస్సార్ నగర్ పోలీస్ స్టేషన్ల ముందు పాసుల కోసం బారులు తీరారు. పాసు తీసుకుని బయల్దేరిన వాళ్లు గరికపాడు చెక్‌పోస్టు దగ్గర ఇరుక్కుపోయారు. గాంధీని పూర్తిగా కోవిడ్ ఆసుపత్రి చేశారు. జూలైలో నిమ్స్‌లో కోవాగ్జిన్ మానవ ప్రయోగాలు మొదలయ్యాయి. టెస్టులు చాలడం లేదని హైకోర్టు సర్కారును పదేపదే నిలదీసింది. ఆ చీవాట్లలో మంత్రి వాటా ఎంత, ప్రగతి భవన్ వాటా ఎంత అన్నది ఇప్పటికీ తేలలేదు. రోజూ ప్రెస్ ముందుకు వచ్చింది మాత్రం ఈటలే.

రెండో వేవ్ ఉధృతంగా ఉన్నప్పుడే, 2021 ఏప్రిల్ 30న, మెదక్ జిల్లాలో భూముల కబ్జా ఆరోపణలు బయటికొచ్చాయి. మే 1న శాఖ పోయింది. 2న మంత్రి పదవే పోయింది. ఆరోపణలను ఆయన కొట్టిపారేశారు. అసలు గమనించాల్సింది ఇంకొకటి. బెడ్లు, ఆక్సిజన్ కోసం జనం ఆసుపత్రుల చుట్టూ తిరుగుతున్న ఆ రోజుల నుంచి నవంబర్ 9న హరీశ్‌రావుకు అప్పగించేదాకా, ఆరు నెలలకు పైగా ఆరోగ్య శాఖను కేసీఆర్ తన దగ్గరే పెట్టుకున్నారు. ఆయన గాంధీ ఆసుపత్రికి స్వయంగా వెళ్లారు, నిజమే. అయినా రాష్ట్రమంతా చూసుకునే ముఖ్యమంత్రికి ఇది అదనపు పని కాదా? మంత్రిని మార్చడం తప్పు కాదు, కొత్త మంత్రిని పెట్టకపోవడమే తప్పు.

ఈటల జూన్ 14న బీజేపీలో చేరారు. పీడీఎస్‌యూ నుంచి అక్కడిదాకా దారి చాలా పొడుగు. ఆయనకు ఓటేసిన ముస్లింలు చాలామంది ఆ మలుపును ఇంకా మింగలేకపోతున్నారు. హుజూరాబాద్ ఉప ఎన్నికలో 23,855 ఓట్లతో గెలిచారు. 2023లో అక్కడా, గజ్వేల్‌లోనూ ఓడి, 2024లో మల్కాజిగిరి ఎంపీ అయ్యారు. అంటే శాఖ పోయినా కెరీర్ ఆగలేదు.

మరి ఆసుపత్రి లెక్క? హరీశ్ దగ్గర ఆర్థికం, ఆరోగ్యం రెండూ ఉన్నప్పుడే, 2023 జూన్ 14న, రూ.1,571 కోట్లతో 2,000 పడకల నిమ్స్ దశాబ్ది బ్లాక్‌కు కేసీఆర్ శంకుస్థాపన చేశారు. డబ్బు, దవాఖానా ఒకే చేతిలో ఉంటే ఫైలు ఎంత తొందరగా కదులుతుందో దీన్ని బట్టి అర్థం చేసుకోవచ్చు. ఆ ఏడాది చివర సర్కారు మారింది. దామోదర రాజనర్సింహ వచ్చారు, ఆరోగ్యశ్రీ పరిమితి రూ.10 లక్షలైంది. 2025 జనవరిలో బకాయిలు రాలేదని ప్రైవేట్ నెట్‌వర్క్ ఆసుపత్రులు ఆ సేవలే ఆపేశాయి. కార్డు మీద పది లక్షలున్నా కౌంటర్‌లో అడ్మిషన్ లేకపోతే పేషెంటు తిరిగి ఎక్కేది నిమ్స్ బస్సే.

రాజ్యాంగ ప్రవేశికలోంచి ‘సామ్యవాద’ మాట తీసేయాలన్న పిటిషన్లను సుప్రీంకోర్టు 2024 నవంబర్ 25న కొట్టేసింది. మాట పదిలంగా ఉంది. ఎల్‌ఓసీ కోసం మాత్రం ఎమ్మెల్యే సంతకం ఎవరు ఇప్పిస్తారని బోరబండ నుంచి వచ్చిన వాళ్లు పంజాగుట్టలో ఆరా తీస్తూనే ఉన్నారు.