మోకాలి మీద సుత్తి దెబ్బను తేలిగ్గా తీసుకోకండి

డాక్టరుగారు రోగిని మంచం అంచున కూర్చోబెట్టి, మోకాలిచిప్ప కింద రబ్బరు సుత్తితో చిన్నగా కొడితే పక్కనున్న బంధువులు నవ్వుకుంటారు. "కాళ్లు పట్టు తప్పుతున్నాయంటే స్కానింగ్ రాయరేం సిస్టర్?" అని నన్ను అడుగుతారు. స్కానింగ్ అవసరమైతే రాస్తారు. ముందు ఆ దెబ్బ పడాలన్నదే నా అభిప్రాయం.

సుత్తి తగలగానే తొడ కండరం సాగుతుంది. ఆ కబురు నరం గుండా వెన్నుపాముకు చేరి, మెదడు ఆజ్ఞ కోసం ఆగకుండానే తిరిగొస్తుంది. కాలు ముందుకు ఎగురుతుంది. బడిలో అసంకల్పిత ప్రతీకార చర్య అని చదివింది ఇదే. 1875లో జర్మనీ వైద్యులు ఎర్బ్, వెస్ట్‌ఫాల్ దీన్ని వివరించారు. కాలు కదలకపోతే ఆ దారిలో ఎక్కడో దెబ్బ తగిలి ఉండవచ్చు. ఏళ్ల తరబడి షుగరు అదుపులో లేనివారిలో, నడుము దగ్గర నరం నొక్కుకుపోయినవారిలో ఇలా జరుగుతుంది. కొందరు ఆరోగ్యవంతులకూ కాలు కదలదు. అందుకే రెండు చేతుల వేళ్లు పెనవేసి లాగమని చెప్పి మళ్లీ కొడతారు. ఈ ఒక్క గుర్తుతోనే జబ్బు తేల్చరు.

కొన్నేళ్ల క్రితం ఒక యువకుణ్ణి మోసుకొచ్చారు. విరేచనాలు తగ్గిన పది రోజులకు పాదాలు తిమ్మిరెక్కాయి, తర్వాత మెట్లెక్కలేకపోయాడు. నీరసమని ఊళ్లో మూడు రోజులు సెలైన్ ఎక్కించారు. మా దగ్గరికొచ్చేసరికి చేతులూ పడిపోయాయి, ఒక్క ఊపిరితో పది అంకెలు కూడా చెప్పలేకపోయాడు. రెండు మోకాళ్లూ కదలలేదు. అది గులియన్ బారే సిండ్రోమ్. వెంటనే వెంటిలేటరున్న ఆసుపత్రికి పంపాం. బతికాడు, కానీ మళ్లీ నడవడానికి ఆరు నెలలు పట్టింది. 2025 ఆరంభంలో పుణెలో 200 మందికి పైగా ఈ జబ్బు అనుమానంతో ఆసుపత్రుల్లో చేరారు. దీనికి ఇమ్యునోగ్లోబులిన్, ప్లాస్మా మార్పిడి చికిత్సలున్నాయి. మొదటి రెండు వారాల్లోపే మొదలుపెడితే మేలు ఎక్కువ. సెలైన్ సీసాలతో పోగొట్టుకున్న మూడు రోజులు చిన్నవి కావు.

తప్పంతా ఇంటివాళ్లదే అనను. సుత్తి జేబులో ఉండీ తీయని డాక్టర్లున్నారు. "నీరసమేలే అమ్మా" అని సర్దిచెప్పే నర్సులున్నారు. కొత్తలో నేనూ అలా అన్నదాన్నే.

కాళ్ల బలహీనత రోజురోజుకూ పైకి పాకుతున్నా, మింగడం, మాట్లాడడం, ఊపిరి తీయడం కష్టమైనా ఆ రోజే ఆసుపత్రికి రండి. "మోకాలు కొట్టి చూశారా?" అని నిర్భయంగా అడగండి. అడిగినందుకు మా వార్డులో మిమ్మల్ని ఎవరూ కసురుకోకుండా చూసే పూచీ నాది.