చిన్న వేషము - పెద్ద నటుడు

పాఠశాల వార్షికోత్సవము సమీపించినంతనే నాటకమునకు వేషములు పంచుట మాకొక పరీక్ష యగుచున్నది. రాజు వేషము కోరువారు పదిమంది. ద్వారపాలకుని వేషము కోరువాడు ఒక్కడును లేడు. “మావాడికి రెండే మాటలా?” అని చిన్నబుచ్చుకొను తల్లిదండ్రులును కలరు. అట్టివారికి ఒక ఆంగ్ల నటుని వృత్తాంతము చెప్పదలచితిమి.

ఆయన పీట్ పోసిల్‌త్వెయిట్. 1946వ సంవత్సరమున ఇంగ్లండు వాయవ్య భాగమందలి వారింగ్టన్ పట్టణములో ఒక శ్రామిక కుటుంబమున జన్మించెను. మొదట ఉపాధ్యాయుడై విద్యార్థులకు నాటకకళ బోధించెను. పిదప ఆ యుద్యోగము విడిచి, బ్రిస్టల్ ఓల్డ్ విక్ నాటక పాఠశాలలో తానే విద్యార్థిగా చేరెను. చెక్కిళ్ల యెముకలు పొడుచుకొనివచ్చిన ఆ ముఖము అందగాని ముఖము కాదు. ఆ విచిత్రమైన యింటిపేరును మార్చుకొమ్మని హితవు చెప్పినవారును ఉండిరి. ఆయన మార్చుకొనలేదు.

1970 దశకమున లివర్‌పూల్ నగరపు ఎవ్రీమన్ నాటకశాలలో ఆయన నటించెను. జూలీ వాల్టర్స్, బిల్ నై, జొనాథన్ ప్రైస్ వంటివారు అచటనే ఎదిగిరి. పిదప రాయల్ షేక్స్‌పియర్ కంపెనీ నాటకములలో పాల్గొనెను. చలనచిత్రములలో పేరు వచ్చుసరికి నలుబది యేండ్లు దాటినవి. 1988లో ‘డిస్టంట్ వాయిసెస్, స్టిల్ లైవ్స్’ చిత్రమున ఇల్లంతయు వణకించు తండ్రిగా కనిపించెను. 1993 నాటి ‘ఇన్ ద నేమ్ ఆఫ్ ద ఫాదర్’ చిత్రమున మరియొక తండ్రి: చేయని నేరమునకు కొడుకువలెనే చెరసాల పాలై, ఖైదీగానే కన్నుమూసిన బెల్‌ఫాస్ట్ వాసి జుసెప్పె కాన్లన్. అందు ప్రధానపాత్ర కొడుకుది; దానిని ధరించినవాడు డేనియల్ డే లూయిస్. అయినను ఆ తండ్రి శాంతమును చూచినవారు మరువజాలరు. ఉత్తమ సహాయనటుని ఆస్కార్ బహుమతికి పోసిల్‌త్వెయిట్ పేరు పరిశీలనకు వచ్చెను; బహుమతి వేరొకరికి దక్కెను.

1996లో ‘బ్రాస్డ్ ఆఫ్’ చిత్రమున, మూతపడనున్న బొగ్గుగని యూరిలో కార్మికుల వాద్యబృందమును నడపు పెద్దమనిషి ఆయనయే. టెలివిజన్‌లో ‘షార్ప్’ నాటకములందు క్రూరుడైన సార్జెంటు హేక్స్‌విల్. 1999లో ‘లాస్ట్ ఫర్ వర్డ్స్’ నందు ముసలితల్లిని కనిపెట్టుకొని యుండు కొడుకు. ఆ క్రూరునిదియు, ఈ కొడుకుదియు ఒక్క ముఖమే యని నమ్ముట కష్టము. 2008లో, 62వ యేట, తాను ఎదిగిన ఎవ్రీమన్ నాటకశాలకే తిరిగి వచ్చి లియర్ రాజు వేషము ధరించెను. 2011 జనవరి 2న మరణించెను.

చిన్న వేషముతో తృప్తిపడుమని మేము చెప్పుట లేదు. ఏ వేషమైనను దానికి పూర్తి మనిషి నీయవలెనని చెప్పుచున్నాము. మన యింటి సంగతియు ఇందులో నొకటి కలదు. తమిళనాటి సరిహద్దున నున్న మన పిల్లల పేర్లనుండి ఇంటిపేర్లు జారిపోయి తండ్రిపేరి మొదటి యక్షరము మాత్రము మిగులుచున్నది. పై చదువులకు పోయినవారిలో కొందరు బస్సులో తల్లితో తెలుగు మాటాడుటకు గొంతు తగ్గించుచున్నారు. “నలుగురిలో కలిసిపోవద్దా?” అని పెద్దలే అడుగుచున్నారు. కలియవలసినదే. తమిళమును, ఆంగ్లమును తప్పులేకుండ నేర్వవలసినదే. కాని పోసిల్‌త్వెయిట్ బెల్‌ఫాస్ట్ తండ్రి వేషమునకు ఆ నగరపు యాసను నేర్చి పలికెను. తన పేరును మాత్రము విడువలేదు. పరుల పలుకు నేర్చుట విద్య. తన పేరు తుడిచివేసికొనుట విద్య కాదు. మొదటిదానికి రెండవది వెల యని ఎవరు చెప్పినను మేము ఒప్పుకొనము.

తల్లిదండ్రులకు మా విన్నపము: వేషమునకు ఎన్ని మాటలని అడుగకుడు, ఎట్లు పలికినాడని అడుగుడు. విద్యార్థులారా! ఈ యేటి నాటకమున ద్వారపాలకుడు కావలెను. ఇంటిపేరుతో సహా తన పేరు వ్రాసి యిచ్చువానికై ఎదురుచూచుచున్నాము.