అనుమతి వేరు, శిక్ష వేరు



యాజమాన్యాలపై కేసుల దర్యాప్తు పేరుతో ఇంజినీరింగ్ కళాశాలలకు అఖిల భారత సాంకేతిక విద్యా మండలి (ఏఐసీటీఈ) అనుమతి ఆపడం అన్యాయమంటూ ఈ పత్రికలో వచ్చిన లేఖలో సగమే నిజం ఉంది. కేసు నమోదైనంత మాత్రాన యాజమాన్యం దోషి కాదు. కానీ అనుమతి నిరాకరణ శిక్ష కాదు. అది భూమి, ప్రయోగశాలలు, అధ్యాపకులు ఈ ఏడాది సరిపడా ఉన్నారా అన్న ప్రశ్నకు జవాబు. పార్శ్వనాథ్ చారిటబుల్ ట్రస్ట్ కేసులో (2012) అనుమతి లేకుండా స్థలం మార్చిన కళాశాలపై చర్యను సుప్రీంకోర్టు సమర్థించింది, ఏటా అనుమతులు తేల్చడానికి ఏప్రిల్ 10 గడువు పెట్టింది. ఆ గడువు తర్వాత కోర్టు మధ్యంతర ఉత్తర్వులతో చేరిన విద్యార్థి తుది తీర్పు ఎటు పోతుందో తెలియకుండానే చదవాలి. యాజమాన్యం వేసిన వ్యాజ్యం బరువు పిల్లలు మోయడం నాకు మింగుడుపడదు.

దర్యాప్తు ఏళ్లు సాగితే ఎలా అంటారు. న్యాయమైన ప్రశ్నే. అందుకే ఏఐసీటీఈ దర్యాప్తు ముగింపు కోసం ఆగకుండా కొత్త తనిఖీ బృందాన్ని పంపి, గడువులోగా కారణాలు రాసి ఉత్తర్వు ఇవ్వాలి. కోర్టులు మధ్యంతరంగా సీట్ల భర్తీకి అనుమతించే బదులు ఆ తనిఖీనే ఆదేశించాలి.