కార్ఖానాలను పంపేస్తే నగరం బాగుపడుతుందా?

హైదరాబాద్ భవిష్యత్తు గురించి మాట్లాడే పార్టీలన్నీ ఒక మాట దగ్గర కలుస్తున్నాయి. ఊరి నడుమ కార్ఖానాలకు చోటు లేదు, వాటిని ఔటర్ రింగ్ రోడ్డు అవతలికి పంపి ఆ జాగాల్లో అపార్టుమెంట్లు, ఆఫీసులు కట్టుకోవాలి అన్నది ఆ మాట. 2020లో నాటి ప్రభుత్వం తెచ్చిన గ్రిడ్ విధానం ఉప్పల్, నాచారం వైపు పారిశ్రామిక స్థలాలను ఐటీ పార్కులుగా మార్చుకునే దారి వేసింది. 2025 నవంబరులో నేటి ప్రభుత్వం తెచ్చిన హైదరాబాద్ ఇండస్ట్రియల్ ల్యాండ్స్ ట్రాన్స్‌ఫర్మేషన్ పాలసీ (హిల్ట్) ఆ దారిని ఎన్నో రెట్లు వెడల్పు చేసింది. దాని కిందికి 22 పారిశ్రామికవాడలు, సుమారు 9,292 ఎకరాలు వస్తాయి. ఉప్పల్, నాచారం, మల్లాపూర్, మౌలాలి ఆ జాబితాలో ఉన్నాయి. లక్షల కోట్ల కుంభకోణమని ప్రతిపక్షం, ఖజానాకు ఆదాయమని ప్రభుత్వం వాదించుకున్నాయి. ఆ వాదులాటంతా భూమి ఎంతకు పోతోంది, లాభం ఎవరికి అన్నదాని చుట్టూనే తిరిగింది. కార్ఖానా ఊళ్లో ఉండకూడదన్న మూలమాట నిజమేనా అని అడిగినవాళ్లు తక్కువ. ఆ మూలమాటే తప్పని నేనంటున్నాను.

ఈ వాడలు వాటంతట అవి పుట్టలేదు. ప్రభుత్వం పూనుకుని భూమి చదును చేసి, రోడ్లు వేసి, పదిమందికి పని దొరకాలన్న ఉద్దేశంతో పరిశ్రమలకు ప్లాట్లు ఇచ్చింది. చుట్టూ పెరిగిన ఊరు కూడా కార్మికుల ఊరే. నాచారంలో ఈఎస్ఐ ఆసుపత్రి ఉండటానికి కారణం అదే. పెద్ద కంపెనీల గేట్లు దాటి లోపలి గల్లీల్లోకి వెళితే వాడ అసలు బలం తెలుస్తుంది. ఒక షెడ్డులో డై తయారవుతుంది, రెండు వీధుల అవతల లేత్ మీద విడిభాగం రూపు దిద్దుకుంటుంది, పక్క గల్లీలో దానికి పౌడర్ కోటింగ్ పడుతుంది, సాయంత్రానికి ట్రాలీ ఆటోలో సరుకు బయలుదేరుతుంది. నలుగురైదుగురు పనివాళ్లతో నడిచే యూనిట్ అన్ని మిషన్లూ కొనుక్కోలేదు. పక్కవాడి మిషన్ మీద జాబ్ వర్క్ చేయించుకుని బతుకుతుంది. ఈ దగ్గరితనాన్ని విడగొట్టి ఒక్కో యూనిట్‌ను ఒక్కో దిక్కుకు తోలితే, షెడ్డు చోటు మారడంతో ఆగదు, వ్యాపారమే మూతపడుతుంది. ఐటీఐ చేసిన కుర్రాడికి, పదో తరగతితో చదువాపి ప్యాకింగ్‌లో చేరిన మహిళకు, బీహార్ నుంచో ఒడిశా నుంచో వచ్చి గది పంచుకుని ఉండే యువకుడికి డిగ్రీ అడగని జీతం ఇక్కడ దొరుకుతోంది. ఇల్లు, పని, పిల్లల బడి నడిచేంత దూరంలో ఉండటం వల్లే చాలామంది ఆడవాళ్లు డ్యూటీకి రాగలుగుతున్నారు. పని ఔటర్ దాటితే ముందు మానుకునేది వాళ్లే.

కాలుష్యం సంగతేమిటి అని అడుగుతారు. అడగాల్సిన ప్రశ్నే. రాత్రిపూట ఘాటు వాసనలకు కిటికీలు బిగించుకుని పడుకునే కుటుంబాలు ఈ వాడల చుట్టూ ఉన్నాయి. వాళ్ల ఫిర్యాదు న్యాయమైంది, అలాంటి యూనిట్లు ఇళ్ల మధ్య ఉండకూడదు. కానీ ఈ విధానం ఆ ఫిర్యాదును తీరుస్తుందా? కాలుష్య నియంత్రణ మండలి దగ్గర పరిశ్రమలకు, కాలుష్య తీవ్రత తగ్గే వరుసలో, ఎరుపు, నారింజ, ఆకుపచ్చ, తెలుపు అనే వర్గాలున్నాయి. ఏది పోవాలో, ఏది ఉండవచ్చో తేల్చడానికి కొలబద్ద సిద్ధంగానే ఉంది. కొత్త విధానంలో రుసుము నిర్ణయించేది మాత్రం రోడ్డు వెడల్పు. 80 అడుగులకు తక్కువ రోడ్డు మీదుంటే రిజిస్ట్రేషన్ విలువలో 30 శాతం, అంతకు మించిన రోడ్డయితే 50 శాతం. మార్చుకోవాలా వద్దా అన్నది యజమాని ఇష్టం. అందువల్ల పొగ లేని ఇంజినీరింగ్ షెడ్డు మంచి రోడ్డు మీదుంటే ముందు కూలుతుంది. లాభాల్లో ఉన్న రసాయన యూనిట్ లోపలి వీధిలో అలాగే ఉండిపోవచ్చు. ఆ రెండింటి మధ్య రేపు వందల ఫ్లాట్లు లేస్తాయి. ఇవాళ వాసన పీలుస్తున్న వాళ్ల సంఖ్య పెరుగుతుందే గానీ తగ్గదు.

పోనీ, అన్నీ వెళ్లిపోయాయనే అనుకుందాం. వెళ్లిన చోట మనుషులు లేరా? నగర శివారులోని పటాన్‌చెరు ప్రాంతంలో నక్కవాగు పారిశ్రామిక వ్యర్థాలతో విషమైతే రైతులు సుప్రీంకోర్టు దాకా పోరాడారు. అదే ప్రాంతంలోని పాశమైలారంలో 2025 జూన్ 30న జరిగిన సిగాచి పేలుడు 50 మందికి పైగా కార్మికులను మింగేసింది. ఢిల్లీలో 1996 నాటి సుప్రీంకోర్టు ఆదేశాల తర్వాత నగరం లోపలి పరిశ్రమలను తరలించడానికి బవానాలో పారిశ్రామికవాడ కట్టారు. 2018 జనవరిలో అక్కడి బాణసంచా యూనిట్ తగలబడి 17 మంది చనిపోయారు. ప్రమాదాన్ని ఆపేది తనిఖీలు, ఫైర్ నిబంధనలు, జవాబుదారీతనం. దూరం ఆ పని చేయదు. ప్రమాదాన్ని మన కంటికి మాత్రమే దూరం చేస్తుంది.

ఇక ఈ కొత్త జనాభాను మోసే నేల సంగతి చూడండి. ఉప్పల్ నుంచి నారపల్లి దాకా ఆరు కిలోమీటర్ల పైచిలుకు ఎలివేటెడ్ కారిడార్‌కు 2018లో శంకుస్థాపన జరిగింది. హిల్ట్ విధానం వచ్చే నాటికి కూడా అది పూర్తికాలేదు. మెట్రో 2017లో వచ్చినా ఉప్పల్, హబ్సిగూడ మీదుగా పోతుంది, నాచారం లోపలికి రాదు. హబ్సిగూడ నుంచి నాచారం, మల్లాపూర్ మీదుగా వెళ్లే ఆ ఒక్క ప్రధాన రోడ్డే అందరికీ దిక్కు. 2020 అక్టోబరు వానలకు రామంతాపూర్ చెరువు పొంగి, హబ్సిగూడ, రామంతాపూర్ కాలనీలు రోజుల తరబడి నీళ్లలో ఉన్నాయి. నాలాలు అప్పటి జనానికే చాలలేదు. ఒక అంతస్తు షెడ్ల స్థానంలో పాతిక అంతస్తుల టవర్లు వస్తే నీళ్లు, మురుగు, కార్లు ఏ దారిన పోవాలో ముందు లెక్క తేలాలి, అనుమతి ఆ తర్వాత రావాలి. మనం వరుస తిప్పేశాం.

ఈ దారిలో ముంబై మనకంటే ముందే నడిచింది. మూతపడ్డ బట్టల మిల్లుల భూమిని మూడు భాగాలు చేసి, నగరపాలక సంస్థకు ఖాళీ స్థలాలుగా ఒకటి, ప్రభుత్వ గృహనిర్మాణానికి ఒకటి, యజమానికి ఒకటి ఇవ్వాలని 1991లో నియమం పెట్టింది. 2001లో సవరణ చేసి, కట్టడాలు లేని ఖాళీ నేలకే ఆ వాటా వర్తిస్తుందన్నారు. దాన్ని 2006లో సుప్రీంకోర్టు సమర్థించింది. ప్రజల వాటా కుదించుకుపోయింది, పరేల్ అద్దాల ఆఫీసులతో నిండింది, రైల్వే మెట్లు మాత్రం మిల్లుల కాలం నాటివే మిగిలాయి. 2017 సెప్టెంబరు 29న ఎల్ఫిన్‌స్టన్ రోడ్డు స్టేషన్ మెట్ల మీద తొక్కిసలాటలో 20 మందికి పైగా చనిపోయారు. ఆ రోజు ఆ ఇరుకు మెట్లెక్కినవాళ్లలో కొత్త ఆఫీసుల్లో పనికి బయలుదేరినవాళ్లూ ఉన్నారు.

సగం షెడ్లు ఇప్పటికే గోడౌన్లయ్యాయి, ఖాళీగా ఉన్నాయి, యజమానులు డబ్బు పెట్టి కొన్న భూమి మీద ఆంక్షలెందుకు అనేవారున్నారు. షెడ్లు ఖాళీ కావడానికి ఒక ముఖ్య కారణం ఈ మార్పిడి ఆశే. నేడో రేపో ఎకరం కోట్లు పలుకుతుందని తెలిసిన యజమాని కొత్త మిషన్ కొనడు, చిన్న యూనిట్‌కు దీర్ఘకాలం అద్దెకివ్వడు. ఇక కొన్న హక్కు మాటకొస్తే, ఆయన కొన్నది పారిశ్రామిక వాడకానికి, పారిశ్రామిక ధరకు. వాడకం మార్చుకునే హక్కు ఆ ధరలో లేదు. దాన్నిచ్చేది ప్రభుత్వం, అంటే ప్రజలు. ఐటీ ఆఫీసులు తూర్పుకు రావడానికి నేను వ్యతిరేకిని కాను. రామంతాపూర్ అమ్మాయి హైటెక్ సిటీ దాకా పోనక్కర్లేకుంటే మంచిదే. ఆ ఆఫీసు వెల్డర్ ఉద్యోగం ఊడగొట్టి రావాల్సిన అవసరం లేదంటున్నాను. ఎరుపు వర్గం యూనిట్లను గడువు పెట్టి తీసేయండి. ఆకుపచ్చ, తెలుపు వర్గాల పనులకు ఈ వాడలను శాశ్వతంగా రిజర్వు చేయండి. నిజంగా మూతపడిన పెద్ద ప్లాట్లలో వాటా తీసుకోండి. 1996లో ఢిల్లీ విషయంలో సుప్రీంకోర్టు 10 హెక్టార్లు దాటిన స్థలాల్లో 68 శాతం ప్రజావసరాలకు అప్పగించమంది. తరలిపోయే కార్మికులకు ఏడాది జీతం ఇవ్వాలని కూడా చెప్పింది. నాచారంలో ఆ భూమి దొరికితే కార్మికుల అద్దె ఇళ్లకు, బస్ డిపోకు, చిన్న యూనిట్ల ఉమ్మడి షెడ్లకు, వాన నీరు నిలిచే కుంటలకు వాడాలి. ఈ షరతులు ఉత్తర్వులో చేరేదాకా ఉప్పల్, నాచారం వాడల్లో ఒక్క మార్పిడి దరఖాస్తుకూ అనుమతి ఇవ్వకూడదు.