తులసి సంకెళ్ళు

‘శంకరాభరణం’ అనగానే మనవాళ్ళకు ముందు పాటలు గుర్తుకొస్తాయి, తర్వాత శంకరశాస్త్రిగారి కోపం. తులసి ఆఖర్న గాని గుర్తుకు రాదు. ఈ సంచికలో ఆ తులసి గురించే నాలుగు మాటలు చెప్పుకుందాం.

కె. విశ్వనాథ్ గారి ఆ చిత్రం 1980 ఫిబ్రవరి 2న విడుదలైంది. సరిగ్గా 43 ఏళ్ళకు, 2023లో, అదే తేదీన ఆయన కన్నుమూశారు. సంగీతం సినిమా అని దానికి పేరు. నా లెక్కలో అది సగం నాట్యం సినిమా. తులసి వేషం వేసిన మంజుభార్గవిగారు వెంపటి చినసత్యం మాస్టారి శిష్యురాలు. సినిమాలో ఆవిడకు మాటలు బహు తక్కువ. చెప్పవలసినదంతా కళ్ళతో, అడుగులతో చెప్పారు.

తులసి వేశ్య ఇంట పుట్టింది. తల్లికి ఆ పిల్ల ఒక ఆస్తి. పిల్లకేమో పాటన్నా ఆటన్నా ప్రాణం. తన మీద బలాత్కారం చేసినవాణ్ణి చంపి జైలుకు వెళ్ళింది. ఆలోచిస్తే జైలు ఆమెకు రెండో బందిఖానా. మొదటిది కన్నతల్లి ఇల్లే. శాస్త్రిగారు వకీలును పెట్టి విడిపించి, తన ఇంటికి తీసుకొచ్చారు. ఊరు నోరు పారేసుకుంది, అయినవాళ్ళు దూరమయ్యారు. ఆయన లక్ష్యపెట్టలేదు.

జాలి వేరు, కరుణ వేరు. బ్యాంకులో పనిచేసినవాడిని గనుక నాకు హామీ సంతకమే గుర్తొస్తుంది. ‘పాపం, మంచివాడండీ’ అని చెప్పేవాళ్ళు చాలామంది వస్తారు. బాకీ తన నెత్తిన పడవచ్చునని తెలిసి కూడా సంతకం పెట్టేవాడు ఎప్పుడో ఒకడు. శాస్త్రిగారు పెట్టింది ఆ సంతకం. ఆ బరువు ఆయన మీద ఉండకూడదని తులసే ఇల్లు విడిచి వెళ్ళిపోయింది.

ఇదంతా సినిమా కథే అనుకోకండి. మన మైసూరు సంస్థానం 1909లోనే ముజరాయి దేవాలయాల్లో దేవదాసీల సేవను మాన్పించింది. మద్రాసు రాష్ట్రంలో 1947లో చట్టం వచ్చింది. అయినా ఆచారం చావక, కర్ణాటకలో 1982లో, ఆంధ్రప్రదేశ్‌లో 1988లో మళ్ళీ చట్టాలు చెయ్యవలసి వచ్చింది. అంటే తులసి తెరమీదికి వచ్చేనాటికి ఈ రెండూ ఇంకా పుట్టలేదు.

ఆ కులంలో పుట్టినవారే బెంగుళూరు నాగరత్నమ్మగారు. నంజనగూడులో జన్మించి, ముద్దుపళని రాసిన ‘రాధికాసాంత్వనము’ను 1910లో అచ్చువేయించారు. ఆడది రాసిన శృంగారం తగదని గోల చేసినవారున్నారు. తెల్లదొరల ప్రభుత్వం ఆ పుస్తకాన్ని నిషేధించింది. ఆవిడ జంకలేదు. తన సొంత సొమ్ముతో తిరువయ్యారులో త్యాగరాజస్వామివారి సమాధికి గుడి కట్టించారు. చెర విడిపించుకోవడానికి కళను వదులుకోనక్కరలేదని ఆవిడ బతికి చూపించారు.

అందుకే సినిమాలో ఒక్క సంగతి నాకు మింగుడుపడదు. తులసి తిరిగివచ్చి కొడుకును శాస్త్రిగారికి శిష్యుణ్ణి చేసింది. విషంలోంచి పుట్టినవాడు శివుడికి ఆభరణం కావాలని ఆమె ఆశ. బాగుంది. చివరికి ఆయన పాదాల దగ్గరే ప్రాణం విడిచింది. మరి తనకోసం ఏం కోరుకుంది? ఆమె గజ్జెల మాట ఎవరు అడిగారు? గురువు మీద ఎంత భక్తి ఉన్నా, ఆడపిల్లకు తన బతుకంటూ ఒకటి ఉండాలి గదా!

మన నంగలి, ముళబాగిలు వైపు ఇళ్ళలో కన్నడ బడికి పోయే ఆడపిల్లలు తెలుగు పాటకు గజ్జె కడితే మనకెంత సంతోషం! నేర్పించండి. కాని ముందు పిల్లను అడగండి. అక్కరలేదంటే ఊరుకోండి. కావాలంటే మాత్రం, పెళ్ళయిందని ఆ గజ్జెలు అటకెక్కించకండి.

ఈసారి ఇంట్లో ఆ సినిమా పెట్టుకున్నప్పుడు, పాట వస్తుంటే శాస్త్రిగారిని కాసేపు వదిలి తులసి ముఖం చూడండి. పిల్లల్ని కూడా చూడమనండి.