జీవితకాలపు పన్ను, ఏటేటి లెక్క

దమ్మాయిగూడ నిన్న మొన్నటివరకు కీసర మండలములోని యొక గ్రామము. 2019లో పురపాలక సంఘమైనది; 2025 చివర హైదరాబాదు మహానగర పాలకసంస్థలో కలిసినది. పేరు నగరమైనంత శీఘ్రముగా బాటలు నగరపు బాటలు కాలేదు. ఉప్పలునకు, నాచారము కార్ఖానాలకు, ఇ.సి.ఐ.ఎల్. కూడలికి దినమును పోయివచ్చు ఉద్యోగస్థులు బస్సులకై వేచి విసిగి, అప్పుచేసియైనను చిన్న కారొకటి కొనుచున్నారు. అట్టి గృహస్థును, "అయ్యా, మీ బండికి ఏటికి పన్నెంత?" అని యడిగినచో, "మాకు ఏటేటి పన్ను లేదు, కొన్ననాడే కట్టితిమి, తీరిపోయినది" అని బదులు చెప్పును. ఈ "తీరిపోయినది" అను మాటను గూర్చియే మేము నేడు కొంత విచారింపదలచితిమి.

తీరిపోలేదు, కనబడకుండ పోయినది. మన రాష్ట్రమున సొంత వాడుక కారునకు జీవితకాలపు పన్నును బండి కొన్నప్పుడే యేకమొత్తముగ గైకొందురు. ఆ సొమ్మును కొనువాడు సర్కారు ఉద్యోగి యెదుట లెక్కపెట్టి యిచ్చుటలేదు. అమ్మకపు శాలలో బండి వెల, భీమా, నమోదు రుసుము, తదితరములన్నియు కలిపి "ఆన్ రోడ్ ధర" యని యొక్క అంకె చెప్పుదురు. ఆ యంకెలో పన్ను పాలలో నీరువలె కలిసిపోవును. ఇచ్చువానికి తానెంత యిచ్చుచున్నాడో తెలియని పన్ను పుచ్చుకొనువానికి మిక్కిలి సుఖకరము.

దానిని మరల విడదీసి చూతము. 2022 మే నెలలో తెలంగాణ ప్రభుత్వము నిర్ణయించిన ప్రకారము 5 లక్షలలోపు వెలగల కారునకు నూటికి 13, 5 మొదలు 10 లక్షలవరకు 14, 10 మొదలు 20 లక్షలవరకు 17, ఆపైన 18 చొప్పున పన్ను. అంతకుముందు 10 లక్షలలోపు కారునకు 12, ఆపై వెలగలదానికి 14 మాత్రమే యుండెను. 2025 ఆగస్టులో పైమెట్లను మరల హెచ్చించిరి. 10 లక్షలు దాటిన బండికి 17 కాస్త 18 అయినది. ఒక్కని పేర రెండవ బండి యున్నచో మరి నూటికి 2 అదనము.

ఈ నూటికి ఇంత యనునది ఏ వెలమీద? కర్మాగారపు వెలమీద గాదు. కేంద్రమువారి వస్తుసేవల పన్ను చేరిన వెలమీద. 7 లక్షల మూలధర గల చిన్న బండి ననుకొందము. 2025 సెప్టెంబరు 22 నుండి చిన్న కార్లకు ఆ పన్ను 28 నుండి 18కి దిగినది. దాని చొప్పున 1,26,000 చేర్చగా వెల 8,26,000 రూపాయలు. దానిపై నూటికి 14 వంతున జీవితకాలపు పన్ను 1,15,640. ఇందులో 17,640 రూపాయలు పన్నుమీద పన్ను. ఢిల్లీకి కట్టుచున్న సొమ్మునకు హైదరాబాదునకు సుంక మిచ్చుకొనుచున్నాము!

కారు నమోదు చెల్లుబాటు 15 సంవత్సరములు గనుక, 1,15,640ని 15చే భాగించిన ఏటికి 7,709 రూపాయలు. నెలకు ఇంచుమించు 642. స్థూలముగ జ్ఞాపకముంచుకొనదలచినవారికి ఒక గురుతు: 14 వంతు మెట్టులోని బండికి వెలలో ఏటేటా నూటికి ఒకటికి కొంచెము తక్కువ, 18 వంతు మెట్టులో ఒకటింబావునకు కొంచెము తక్కువ. అయితే ఇది రొక్కము పెట్టి కొన్నవాని లెక్క. మన మధ్యతరగతి గృహస్థు పన్నును సైతము బ్యాంకు అప్పుతోనే కట్టుచున్నాడు. నూటికి 9 వడ్డీకి ఏడేండ్ల వాయిదాపై ఆ 1,15,640 తెచ్చినచో, వడ్డీయే ఇంచుమించు 40,600 అగును. అప్పుడు ఏటి పన్ను పదివేలు దాటును. పదునైదేండ్ల పన్నును మొదటిదినముననే పుచ్చుకొను ప్రభుత్వము ఆ సొమ్మును ముందుగ వాడుకొనును. దాని వడ్డీని మాత్రము దమ్మాయిగూడ గుమాస్తా భరించును. బండిని అయిదేండ్లకే యమ్మివేసిన, మిగిలిన పన్ను కొంత వెలలో తిరిగి రావచ్చును, రాకపోవచ్చును. అది కొనువాని దయ. పదునైదేండ్లు దాటిన బండికి హరిత పన్నని మరియొకటి కాచుకొనియే యుండును.

మెట్ల పద్ధతిలో మరియొక అన్యాయము గలదు. ఆదాయపు పన్నులో మెట్టు దాటిన భాగమునకు మాత్రమే హెచ్చు రేటు. కారు పన్నులో మెట్టు దాటినంతనే మొత్తము వెలకు హెచ్చు రేటు. 9,99,000 రూపాయల బండికి 14 వంతున 1,39,860. మరి 10,01,000 బండికి 18 వంతున 1,80,180. వెలలో భేదము 2,000; పన్నులో భేదము 40,320! ఇది మెట్టు గాదు, గోడ. కొనువాడు ఈ గోడ నెరుగక, అందమైన రంగుకో, పెద్ద తెరకో ఆశపడి రెండువేలు హెచ్చు పెట్టి నలువదివేలు పోగొట్టుకొనును. గోడను తొలగించి, దాటిన భాగమునకే హెచ్చు రేటు వేయుట కొక దినపు పని చాలును. ఖజానాకు కొంత తరుగు వచ్చిన రానిండు.

ఇక అసలు ప్రశ్న: ఈ పన్ను దేనికి? చరిత్రను కొంచెము తిరుగవేయవలసియున్నది. 1927లో నియమితమైన జయకరు సంఘము బాటల యభివృద్ధికై ప్రత్యేకనిధి యుండవలెనని చెప్పగా, పెట్రోలుపై అదనపు సుంకముతో 1929లో కేంద్ర రోడ్డు నిధి యేర్పడెను. 1931లో మద్రాసు రాజధానిలో మోటారు బండ్ల పన్నుల చట్టము వచ్చెను. అంతకుముందు స్థానిక సంస్థలు బాటలపై టోలు వసూలు చేయుచుండెను. ఆ టోలులను తీసివేసి, వానికి బదులుగ ఒక్క పన్ను వేసి, స్థానిక సంస్థలకు పరిహార మిచ్చుట యా చట్టపు సూత్రము. అనగా పన్ను కట్టినవానిని బాటమీద ఆపి మరల అడుగరాదు. నేడో? దమ్మాయిగూడవాడు జీవితకాలపు పన్ను కట్టి, వరంగల్లు బంధువులను చూడబోయిన, బీబీనగరు కడ టోలు కట్టుచున్నాడు. ఒకటి రాష్ట్రమువారిది, రెండవది జాతీయ రహదారివారిదని సమాధానము చెప్పుదురు. జేబు మాత్ర మొక్కటే!

పన్నునకు ప్రతిఫలము చూపనక్కరలేదని న్యాయవాదులు వాదింతురు. అయితే మన తెలుగుదేశపు వ్యాజ్యమొకటి వేరు దారి చూపినది. విశాఖ ఉక్కు కర్మాగారపు ప్రహరీలోపల మాత్రమే తిరుగు బండ్లకు 22 లక్షలకు పైగ పన్ను వసూలు చేయగా, ఒక రవాణాసంస్థ కోర్టు కెక్కెను. 2025 ఆగస్టు 29న సుప్రీముకోర్టు, 1963 చట్టములోని 3వ సెక్షను ప్రకారము బహిరంగస్థలమున వాడినదానికే, వాడుటకై యుంచినదానికే పన్ను. రోడ్డు మొదలగు ప్రజాసౌకర్యముల ననుభవించువాడు దానికి బదులిచ్చుటయే దీని స్వభావము అని తీర్పు చెప్పెను. ఆ 1963 చట్టమే నేడు తెలంగాణమునను చెల్లుచున్నది. రోడ్డు వాడనివాడు పన్ను కట్టనక్కరలేదన్నచో, పన్ను కట్టినవానికి వాడదగిన రోడ్డుండవలెననుట తర్కమునకు రెండవ సగము గాదా?

ఆ సగమే మనకు లోపించినది. ఉప్పలునుండి నారపల్లికి 2018లో మొదలిడిన పైవంతెన పని ఏండ్లతరబడి సాగగా, క్రిందిబాట గుంతలై, వానకాలమున మడుగై, ఆ దారిని పోవువారు పడిన యిడుమలు నగరమంతయు నెరుగును. జవహర్‌నగరు చెత్తదిబ్బకు నగరపు కసవు మోయు లారీలు దమ్మాయిగూడ ప్రాంతపు బాటల నరగదీయుచునే యున్నవి. నగరపు కంపును మోయువారికి నగరపు బాటయైన దక్కవలదా?

బాటకని పుచ్చుకొన్న సొమ్ము వేరుదారి పట్టుట మనకే చెల్లలేదు. ఇంగ్లండులో 1920 చట్టముచే బండ్లపన్ను రోడ్డునిధికి చేరుచుండగా, 1926లో ఆర్థికమంత్రి చర్చిల్లు దొర ఆ నిధిలో చేయిపెట్టెను. 1937 నాటికి ఆ ముడియే తెగిపోయెను. మన దేశమును గూర్చి యాయన యూహల నెరిగినవారి కిది వింతగా తోపదు. అయితే అచ్చట పన్ను ఇప్పటికిని ఏటేటా కట్టునదే గనుక, ప్రతి సంవత్సరమును పౌరునికి కోపము వచ్చు అవకాశమైన మిగిలియున్నది. మనకు పదునైదేండ్ల కొక్కసారి మాత్రమే!

విద్యుచ్ఛక్తితో నడుచు బండ్లకు 2024 నవంబరులో ప్రభుత్వము 2026 డిసెంబరు 31 వరకు ఈ పన్నును పూర్తిగ మినహాయించినది. గాలి శుభ్రమగుట మేమును కోరుదుము. కాని ఆ బండ్లును బాటమీదనే పోవును. మినహాయింపు వలని తరుగును ఎవరు పూరింపవలెనో చర్చింపకయే, తరుగును పెట్రోలు బండివానిపై నెట్టుట సులభము.

కారు కొనబోవువారు అమ్మకపుశాలలో పన్ను రసీదును విడిగా అడిగి తీసికొని, అంకెను 15చే భాగించి, ఇంటి లెక్కల పుస్తకములో ఏటిఖర్చుగ వ్రాసికొందురుగాక. ప్రభుత్వమువారు ప్రతి రవాణా కార్యాలయ పరిధిలోను ఆ యేడు వసూలైన జీవితకాలపు పన్ను ఎంతయో, ఆ పరిధిలోని బాటలపై వెచ్చించిన దెంతయో రెండంకెలుగ బడ్జెటు సమావేశములకు ముందు ప్రకటింపవలెనని మేము కోరుచున్నాము. ఉప్పలు అంకెలు వెలువడిన వారముననే వానిని ఈ పుటలో ప్రకటింతుము.